షిర్లీ టెంపుల్‌ను చూసి మా పాపను సీరియల్‌కి పంపొచ్చా?

మీరు అడిగింది ముందు క్లుప్తంగా రాస్తాను. పాపకు ఎనిమిదేళ్లు, మూడో తరగతి. ఒక డైలీ సీరియల్‌లో హీరోయిన్ కూతురి వేషానికి అడుగుతున్నారు. మీ మరిదిగారేమో "షిర్లీ టెంపుల్ ఆరేళ్లకే ఆస్కార్ తీసుకుంది, పెద్దయ్యాక రాయబారి కూడా అయింది, చిన్నప్పుడే మొదలుపెడితేనే అలా ఎదుగుతారు" అంటున్నారు. మీ అత్తగారేమో "ఆ పిల్ల సంపాదనంతా ఇంట్లోవాళ్లే తినేశారట" అంటున్నారు. ఇద్దరిలో ఎవరి మాట నమ్మాలి అని మీ ప్రశ్న.

షిర్లీ టెంపుల్ 1930ల నాటి హాలీవుడ్ బాలనటి. ఆమె గురించి ఇద్దరూ చెప్పింది జరిగిందే. కాకపోతే ఇద్దరూ ఆమె జీవితంలో చెరో ముక్క పట్టుకుని మాట్లాడుతున్నారు. నేను హైదరాబాద్‌లో సీరియళ్లకు ప్రొడక్షన్ మేనేజర్‌గా చాలా ఏళ్లు పనిచేశాను. పిల్లల కాల్‌షీట్లు, పేమెంట్లు, వాళ్ల అమ్మానాన్నలతో మాటలు, అన్నీ నా చేతి మీదుగానే నడిచేవి. ఆ కళ్లతో షిర్లీ కథ చదివాను కాబట్టి కాస్త వివరంగా రాస్తున్నాను. ఓపిగ్గా చదవండి, మీ నిర్ణయానికి పనికొస్తుంది.

షిర్లీ 1928 ఏప్రిల్ 23న అమెరికాలో, కాలిఫోర్నియాలోని శాంటా మోనికాలో పుట్టింది. తండ్రి జార్జ్ బ్యాంకు ఉద్యోగి. తల్లి గెర్ట్రూడ్. ఇద్దరు మగపిల్లల తర్వాత పుట్టిన ఆడపిల్ల కావడంతో తల్లికి ఆ పాపే లోకం. మూడేళ్లకే లాస్ ఏంజిలెస్‌లో ఒక డాన్స్ స్కూల్లో చేర్పించారు. చిన్న చిన్న కామెడీ చిత్రాలు తీసే కంపెనీ ఒకటి అక్కడి నుంచే పాపను ఎంచుకుంది. పేరున్న పెద్దల సినిమాలను మూడేళ్ల, నాలుగేళ్ల పిల్లలతో వెక్కిరింపుగా తీసే పొట్టి చిత్రాలవి. ఆ సెట్లో అల్లరి చేసిన పిల్లలకు వేసే శిక్ష గురించి షిర్లీ 1988లో వచ్చిన తన ఆత్మకథలో రాసింది. సౌండ్ రికార్డింగ్ వాళ్లు వాడే ఒక చీకటి గదిలాంటి పెట్టెలోకి పంపి తలుపు వేసేవారట. లోపల కూర్చోవడానికి ఉండేది ఒక ఐసు దిమ్మ. నాలుగేళ్ల పిల్లకు దాంతో అర్థమైంది ఒకటే, ఇక్కడ టైమ్ వేస్ట్ చేయకూడదు అని. తర్వాత అందరూ మెచ్చుకున్న ఆమె "క్రమశిక్షణ" అక్కడి నుంచి కూడా వచ్చిందని మీ మరిదిగారికి చెప్పండి.

1934లో ఫాక్స్ స్టూడియో వారానికి 150 డాలర్లకు ఒప్పందం రాయించుకుంది. ఆ ఏడాదే పాప పేరు దేశమంతా మోగిపోయింది. అమెరికా తీవ్రమైన ఆర్థిక మాంద్యంలో ఉంది, జనం చేతిలో పని లేదు, ఉన్న కాసిని డబ్బులతో టికెట్ కొని ఈ పాప నవ్వు చూడ్డానికి వెళ్లేవారు. 1935 ఫిబ్రవరిలో బాలనటిగా ప్రత్యేక ఆస్కార్ ఇచ్చారు. 1935 నుంచి 1938 దాకా వరుసగా నాలుగేళ్లు అమెరికా థియేటర్ల వసూళ్ల లెక్కలో ఆమెదే మొదటి స్థానం. అప్పటి మహామహులైన హీరోలందరూ ఆమె వెనకే. 1935లోనే నల్లజాతి నృత్యకారుడు బిల్ రాబిన్సన్‌తో చేయి చేయి పట్టుకుని మెట్ల మీద చేసిన డాన్స్ ఒకటుంది, దొరికితే తప్పకుండా చూడండి. నల్లవాళ్లూ తెల్లవాళ్లూ కలిసి తెర మీద అలా ఆడటం అప్పటికి హాలీవుడ్‌లో లేదు. దక్షిణాది రాష్ట్రాల్లో ఆ ముక్క కోసేసి సినిమా వేశారు. ఆయన మెట్టు మీద పాదంతో ఒక దరువు వేస్తాడు, పాప అదే దరువు తిప్పి వేస్తుంది. ఏడేళ్లు నిండని పిల్ల ఆ లయ అందుకోవడం చూస్తే ప్రతిభ అంటే ఏమిటో తెలుస్తుంది. ఆమెది నిజమైన ప్రతిభ, అందులో నాకు ఏ సందేహమూ లేదు.

తల్లి పని గురించి ఒక మాట చెప్పాలి. రోజూ జుట్టు రింగులు తిప్పడం, లెక్కపెట్టి 56 రింగులని చెప్పుకుంటారు, రాత్రి పడుకునే ముందు మర్నాటి డైలాగులు చదివి వినిపించడం, షాట్‌కు ముందు పక్కనే నిలబడటం, అన్నీ ఆవిడే. స్టూడియో ఆవిడకు విడిగా జీతం ఇచ్చేది. మన దగ్గర కొన్ని సెట్లలో పిల్లల తల్లికి కూర్చోవడానికి కుర్చీ కూడా వేయరు. ఈ ఒక్క విషయంలో తొంభై ఏళ్ల కిందటి ఆ స్టూడియో నయం అనిపిస్తుంది నాకు.

కానీ అదే స్టూడియో పాప వయసు ఒక ఏడాది తగ్గించి ప్రచారం చేసింది. పాపకు కూడా అదే చెప్పారు. పన్నెండో పుట్టినరోజు అనుకున్న రోజున అసలు పదమూడు వచ్చాయని తెలిసిందట ఆమెకు. మీకిది చిన్న విషయంగా కనిపించవచ్చు. సీరియల్ వాళ్లు కూడా "పాపకు ఆరేళ్లని చెప్పండి, ముద్దుగా ఉంటుంది" అంటారు. ఒప్పుకోకండి. పర్మిషన్ కాగితాల్లో, స్కూల్ సర్టిఫికెట్లో, బ్యాంకు ఖాతాలో ఒకే పుట్టిన తేదీ ఉండాలి. ఎక్కడైనా తేడా వస్తే తర్వాత తిరగాల్సింది మీరే.

1937లో జరిగినది ఇంకొకటి ఉంది. గ్రాహం గ్రీన్ అనే పేరుమోసిన ఇంగ్లీషు రచయిత ఒక పత్రికలో ఆమె సినిమా మీద సమీక్ష రాస్తూ, ఆ తొమ్మిదేళ్ల పిల్ల నడకనూ ఒంటినీ పెద్ద వయసు మగవాళ్లు ఏ దృష్టితో చూస్తున్నారో అన్న ధోరణిలో రాశాడు. స్టూడియో, ఆమె తరఫువాళ్లు లండన్ కోర్టులో పరువునష్టం దావా వేసి గెలిచారు. మొత్తం 3,500 పౌండ్ల పరిహారం. తీర్పు వచ్చేసరికే ఆ పత్రిక మూతపడింది. ఆయన రాసిన తీరు తప్పే. కానీ పిల్లను కెమెరా ముందు పెట్టాక చూసే కళ్లు ఎవరివో, ఎలాంటివో మన చేతిలో ఉండదన్న సంగతి అప్పుడే బయటపడింది. ఇప్పుడు సీరియల్ క్లిప్పులు రీల్స్‌గా తిరుగుతున్నాయి, కింద కామెంట్లు ఎలా ఉంటాయో మీకు తెలుసు. కాస్ట్యూమ్ మీద, పాప చేత పలికించే పెద్దల డైలాగుల మీద, పాటల మీద "ఇది వద్దు" అనే హక్కు మీ దగ్గర ఉంచుకోండి. అడిగితే ఇస్తారు. ఎవరూ అడగరంతే.

1940 నాటికి ఆమె సినిమాలు ఆడటం తగ్గింది. భారీ ఖర్చుతో తీసిన ఒక కలర్ సినిమా దెబ్బతింది. పాప పెరిగిపోతోంది, జనానికి పాత పాపే కావాలి. అప్పుడు తల్లిదండ్రులు ఫాక్స్‌తో ఒప్పందం ముగించుకుని ఆమెను లాస్ ఏంజిలెస్‌లో వెస్ట్‌లేక్ అనే ఆడపిల్లల స్కూల్లో చేర్పించారు. నా దృష్టిలో ఆమె జీవితంలో అన్నింటికంటే మంచి నిర్ణయం ఇదే. అంతకుముందు చదువంతా స్టూడియో ఆవరణలో ట్యూటర్ దగ్గరే. మొదటిసారి తోటి ఆడపిల్లల మధ్య బెంచీ మీద కూర్చుంది. తర్వాత రాయబారిగా ఆమె చేసిన పనికి కావలసిన పునాది అక్కడ పడిందని నేను గట్టిగా నమ్ముతాను. ఆ వయసులో చేతిలో వేషాలు తగ్గుతున్న పిల్లను ఇంకో స్టూడియో చుట్టూ, వేషాలు ఇప్పించే ఇంకో కో-ఆర్డినేటర్ చుట్టూ తిప్పే తల్లిదండ్రులను చాలామందిని చూశాను. స్కూలుకు పంపేవాళ్లు తక్కువ.

టీనేజ్‌లో మళ్లీ నటించింది. 1947లో కేరీ గ్రాంట్‌తో చేసిన కామెడీ బాగా ఆడింది. 1948లో దర్శకుడు జాన్ ఫోర్డ్ సినిమాలో చేసింది. కానీ చిన్ననాటి ఊపు మళ్లీ రాలేదు. 17 ఏళ్లకే జాన్ ఏగర్‌ను పెళ్లి చేసుకుంది, ఒక కూతురు పుట్టింది, కొన్నేళ్లకే విడిపోయారు. 1949లో వచ్చింది ఆఖరి సినిమా. 1950 డిసెంబర్‌లో చార్ల్స్ బ్లాక్‌ను పెళ్లి చేసుకుని, సినిమాల నుంచి రిటైర్ అవుతున్నానని చెప్పేసింది. అప్పటికి ఆమెకు 22 ఏళ్లు. మన దగ్గర ఆ వయసుకు ఇంజనీరింగ్ పూర్తవుతుంది!

డబ్బు సంగతి తేలింది కూడా ఆ రోజుల్లోనే. మీ అత్తగారు అన్నది ఇదే. అన్నేళ్లలో ఆమె సంపాదన 32 లక్షల డాలర్ల పైచిలుకు. లెక్క చూస్తే ఆమె పేరు మీద మిగిలింది సుమారు 44 వేల డాలర్లు. వందకు ఒకటిన్నర కూడా కాదు. ఆమె పేరున ట్రస్టులో జమ చేయాలని కోర్టు చెప్పిన సొమ్ము కూడా తండ్రి జమ చేయలేదు. తండ్రి బ్యాంకు ఉద్యోగం మానేసి కూతురి వ్యవహారాలు చూసేవాడు. ఇంటి ఖర్చు, బంధువులు, పనివాళ్లు, పెట్టుబడులు, అన్నీ ఆ ఒక్క పిల్ల సంపాదన మీదే నడిచాయి. ఆయన తాగుబోతో, జూదరో కాదు. కూతురంటే ప్రాణం పెట్టే మనిషే. షిర్లీ కూడా వాళ్లతో గొడవపడలేదు, బజారుకెక్కలేదు. తల్లిదండ్రులిద్దరూ పోయాక ఆత్మకథలోనే లెక్కలతో సహా బయటపెట్టింది.

నేను సెట్లలో చూసింది కూడా సరిగ్గా ఇదే. పాప రెమ్యునరేషన్ తండ్రి ఖాతాలో పడుతుంది. మొదట పాప స్కూల్ ఫీజు, తర్వాత షూటింగ్‌కు వెళ్లిరావడానికి కారు, ఆ కారుకు ఈఎంఐ, ఆ ఈఎంఐ కట్టాలి కాబట్టి ఇంకో సీరియల్. ఒకరోజు తండ్రి ఉద్యోగం మానేస్తాడు, ఎవరో ఒకరు పాపతో ఉండాలిగా అంటాడు. అప్పటి నుంచి ఎనిమిదేళ్ల పిల్ల ఇంటికి సంపాదించే మనిషి అవుతుంది. "ఇక నేను చేయను" అనే అవకాశం ఆ పిల్లకు ఉండదు. ఎవరిలోనూ దుర్బుద్ధి ఉండదు, డబ్బు మాత్రం ఉండదు. మీరు ఈ వేషం ఒప్పుకుంటే దయచేసి ఒక్కటి చేయండి: మీ ఇద్దరి ఉద్యోగాలూ అలాగే ఉండాలి, ఇంటి ఖర్చులో ఒక్క రూపాయి కూడా పాప సంపాదన కలవకూడదు.

అమెరికాలో ఈ విషయంలో చట్టం రావడానికి కారణం షిర్లీ కంటే ముందు తరం బాలనటుడు జాకీ కూగన్. చాప్లిన్‌తో 1921లో నటించి లోకమంతా పేరు తెచ్చుకున్న పిల్లాడు. పెద్దయ్యాక చూస్తే డబ్బు లేదు. తల్లి మీద, సవతి తండ్రి మీద 1938లో కేసు వేస్తే, లక్షల్లో సంపాదించినవాడికి చివరికి దక్కింది 1,26,000 డాలర్లు. ఆ గొడవ వల్లే 1939లో కాలిఫోర్నియా బాలనటుల సంపాదన గురించి చట్టం చేసింది. అందులో సందులు ఎక్కువ ఉండేవి. ఇప్పుడైతే అక్కడ సంపాదనలో కనీసం 15 శాతం పిల్లల పేరున విడిగా పెట్టి తీరాలి.

షిర్లీ టీవీకి 1958లో వచ్చింది. పిల్లల కథలను గంట నిడివి నాటకాలుగా చూపించే కార్యక్రమం. కథ చెప్పడం ఆమె పని, కొన్నింటిలో నటించింది కూడా. తన ముగ్గురు పిల్లల్ని ఒక ఎపిసోడ్‌లో చూపించింది. 1961తో అదీ ముగిసింది. తర్వాత ఇంకో సీరియల్‌కు పైలట్, అంటే నమూనా ఎపిసోడ్, తీశారు కానీ ఏ ఛానెలూ తీసుకోలేదు. ఇక్కడ నాకు నచ్చేది, ముప్పై ఏళ్లు దాటిన ఈ దశలో పని ఎంత చేయాలో ఆమే నిర్ణయించుకుంది. ఇంట్లో పొయ్యి వెలగడానికి కెమెరా ముందు నిలబడాల్సిన అవసరం అప్పుడు లేదు.

ఆ తర్వాతి కథ చాలామందికి తెలియదు, మీ మరిదిగారు చెప్పేది కూడా సగమే. 1967లో అమెరికా కాంగ్రెస్‌లో, అంటే అక్కడి పార్లమెంటులో, సీటుకు పోటీ చేసి ఓడిపోయింది. 1968 ఆగస్టులో మల్టిపుల్ స్క్లెరోసిస్ అనే నరాల జబ్బు రోగుల సంస్థ తరఫున చెకొస్లొవేకియా రాజధాని ప్రాగ్‌లో ఉంది, ఆమె అన్నకు ఆ జబ్బు ఉండేది. సరిగ్గా అప్పుడే సోవియట్ ట్యాంకులు ఆ ఊళ్లోకి దిగాయి. 1969లో ఐక్యరాజ్యసమితికి అమెరికా ప్రతినిధుల్లో ఒకరిగా వెళ్లింది. 1974 నుంచి 1976 దాకా ఆఫ్రికాలోని ఘనా దేశంలో అమెరికా రాయబారి. ఆ తర్వాత అమెరికా విదేశాంగ శాఖలో విదేశీ అతిథుల మర్యాదలు చూసే ప్రోటోకాల్ విభాగం అధిపతి, ఆ కుర్చీలో కూర్చున్న మొదటి మహిళ. 1989లో మళ్లీ అదే ప్రాగ్‌కు, ఈసారి చెకొస్లొవేకియా రాయబారిగా వెళ్లింది. కొన్ని నెలలకే అక్కడ కమ్యూనిస్టు ప్రభుత్వం కూలిపోయింది. ట్యాంకులు రావడం కళ్లారా చూసిన మనిషి, ఇరవై ఏళ్ల తర్వాత ఆ రాజ్యం పోవడమూ అక్కడే ఉండి చూసింది.

1972లో రొమ్ము క్యాన్సర్ వచ్చి ఆపరేషన్ జరిగితే, దాచుకోకుండా పత్రికలకు చెప్పింది. ఆ రోజుల్లో ఆ జబ్బు పేరే ఆడవాళ్లు బయటికి అనేవారు కాదు. భయపడి ఇంట్లో కూర్చోకండి, డాక్టర్ దగ్గరికి వెళ్లండి అని తోటి ఆడవాళ్లకు చెప్పింది. ఆమె నటన కంటే దీనికే ఎక్కువ చేతులెత్తి మొక్కాలనిపిస్తుంది నాకు. 2014 ఫిబ్రవరిలో, 85 ఏళ్ల వయసులో పోయింది.

ఇప్పుడు మీ మరిదిగారి వాదన చూడండి. ముఖం అందరికీ తెలిసి ఉండటం ఆమెకు తలుపులు తెరిచింది, నిజమే. కానీ ఘనా వెళ్లేనాటికి ఆమె సినిమాలు మానేసి పాతికేళ్లు. మధ్యలో చదువు, సంసారం, ఓడిన ఎన్నిక, ఐక్యరాజ్యసమితి పని, ఇవన్నీ ఉన్నాయి. సమయానికి ఆగగలిగింది కాబట్టి అవన్నీ చేయగలిగింది. మన దగ్గర రోజారమణిగారిని తీసుకోండి. 1967లో ప్రహ్లాదుడిగా ఆవిడను చూసి తెలుగు ఇళ్లలో అందరూ మురిసిపోయారు. పెద్దయ్యాక పలు భాషల్లో హీరోయిన్‌గా చేశారు, తర్వాత డబ్బింగ్ ఆర్టిస్టుగా ఎందరో హీరోయిన్లకు గొంతు ఇచ్చారు. తెర మీద వేషాలు తగ్గినా చేతిలో వేరే పని ఉంది. మీ పాపకు కూడా అలాంటి ఇంకో దారి ఉండాలంటే స్కూల్ ఆగకూడదు.

మన చట్టం ఏం చెబుతుందో చెప్తాను. బాలకార్మిక చట్టానికి 2017లో వచ్చిన నిబంధనల ప్రకారం, 14 ఏళ్ల లోపు పిల్లలను షూటింగ్‌లో పెట్టాలంటే నిర్మాత ముందుగా జిల్లా మేజిస్ట్రేట్ అనుమతి తీసుకోవాలి, మన వాడుకలో కలెక్టర్ అనుమతి. రోజుకు ఐదు గంటలకు మించి పని చేయించకూడదు, విశ్రాంతి లేకుండా మూడు గంటలు దాటకూడదు. వరుసగా 27 రోజులకు మించకూడదు. చదువు ఆగకుండా చూడాలి. ఐదుగురు పిల్లలకు ఒక బాధ్యుడు చొప్పున ఉండాలి. సంపాదనలో కనీసం 20 శాతం నేరుగా పాప పేరున జాతీయం చేసిన బ్యాంకులో ఫిక్స్‌డ్ డిపాజిట్ చేయాలి. మేజర్ అయ్యాక పాపకు అందుతుంది. పాపకు ఇష్టం లేకుండా చేయించకూడదు అని కూడా అందులో రాసి ఉంది. "ఇవన్నీ ఎవరు పాటిస్తారండీ" అంటారు సెట్లో. పాటించేవాళ్లూ ఉన్నారు, మీరు గట్టిగా అడిగితే ఇంకొందరు పాటిస్తారు.

ఆ ఐదు గంటలు ఎలా మాయమవుతాయో ఒక ఉదాహరణ. ఒక సీరియల్‌లో పెళ్లి సీన్ తీస్తున్నారు. రాత్రి పదకొండు దాటింది. పట్టులంగా, వడ్డాణం, జడగంటలతో పాప సెట్లోని సోఫా మీదే నిద్రపోయింది. ఆ సీన్లో పాపకు ఒక్క డైలాగ్ కూడా లేదు. కానీ పొద్దున అందరూ కనిపించేలా తీసిన మాస్టర్ షాట్‌లో అమ్మమ్మ పక్కన నిలబడి ఉంది. అందుకని అమ్మమ్మ క్లోజప్ తీసిన ప్రతిసారీ కంటిన్యుటీ కోసం, అంటే ముందు షాట్‌కు తేడా కనిపించకుండా, పాప భుజమైనా ఫ్రేమ్‌లో ఉండాలి. అసిస్టెంట్ డైరెక్టర్ లేపుతాడు, పాప కళ్లు తెరవకుండానే లేచి నిలబడుతుంది, షాట్ అయ్యాక మళ్లీ సోఫా. పిల్లల్ని అలసిపోయేలా చేసేది నటన కాదు, ఈ ఎదురుచూపు. దీనికి సెట్లో సులువైన మందు ఉంది. ముందు పాప ఉన్న షాట్లన్నీ తీసేసి, "పాపను లోపల పడుకోబెట్టు" అని ఒక డైలాగ్ రాయించి సీన్ మధ్యలోనే పంపించేయవచ్చు. మంచి కో-డైరెక్టర్ ఎవరైనా చేస్తారు. మొదటి రోజే ఆయన్ని పరిచయం చేసుకుని ఈ మాట చెప్పుకోండి.

ఏడుపు సీన్ల గురించి కూడా ముందే అడగండి. డైలీ సీరియల్‌లో కూతురి వేషమంటే తల్లి దూరమవడం, కిడ్నాప్, ఆసుపత్రి, ఇవి తప్పవు. పిల్లలకు గ్లిజరిన్ పెడితే కళ్లు మండుతాయి, కొందరు భయపెట్టి ఏడిపిస్తారు. రెండూ వద్దని చెప్పండి. పాప ముఖం అటు తిప్పి భుజాలు కదిపినా ప్రేక్షకులకు కన్నీళ్లు వస్తాయి.

ఇక డబ్బు. పాప పేరున పాన్ కార్డు, బ్యాంకు ఖాతా తీయించండి. మైనర్ సొంత ప్రతిభతో సంపాదించింది తల్లిదండ్రుల ఆదాయంలో కలవదు, పాప పేరునే రిటర్న్ వేయాలి. డిపాజిట్ మీద వచ్చే వడ్డీ మాత్రం మీ ఇద్దరిలో ఎక్కువ ఆదాయం ఉన్నవాళ్ల లెక్కలో కలుస్తుంది. ఆడిటర్ దగ్గర ఒకసారి కూర్చుంటే తేలిపోతుంది. సీరియల్ పేమెంట్లు పని చేసిన వెంటనే రావు, నెలలు పడతాయి, కాబట్టి రోజు లెక్క మీరే ఒక నోట్‌బుక్‌లో రాసుకోండి: ఏ తేదీ, ఎన్నింటికి లోపలికి, ఎన్నింటికి బయటికి, ఎంత రావాలి, ఎంత వచ్చింది. చట్టం 20 శాతం అంటుంది. మీ ఇంటికి ఆ డబ్బుతో అవసరం లేదని రాశారు కాబట్టి, పన్ను, షూటింగ్ ఖర్చులు పోను మిగిలిందంతా పాప పేరునే వేయండి.

అగ్రిమెంట్‌లో ఈ మూడూ ఉండేలా చూసుకోండి: రోజుకు ఎన్ని గంటలు, పరీక్షల రోజుల్లో షూటింగ్ లేకపోవడం, మూడు నెలల తర్వాత పాప వద్దంటే జరిమానా లేకుండా మానేసే హక్కు. మొదటి రెండింటికి సాధారణంగా ఒప్పుకుంటారు. మూడోదానికి "కథ ట్రాక్ మధ్యలో ఎలా అండీ" అని నసుగుతారు. సీరియల్‌లో పిల్లల్ని హాస్టల్‌కు పంపేయడం, లీప్ వేసి, అంటే కథను కొన్నేళ్లు ముందుకు దూకించి, పెద్దవాళ్లను చేసేయడం వాళ్లకు వారం పని. ఆ మూడోది రాతపూర్వకంగా ఇవ్వకపోతే మాత్రం ఈ వేషం వదిలేయండి.